పదకొండు సెకన్లు

మార్చి నెల. అనంతపురంలో సాయంత్రం ఏడు దాటినా
సిమెంటు కోర్టు అరికాళ్ళ కింద ఇంకా పెనమే.
అంతర కళాశాలల బాస్కెట్‌బాల్, ఆడపిల్లల ఫైనలు.
నేను స్కోరు పుస్తకం రాసేవాణ్ణి.
ఇరవై రెండేండ్లుగా ఇదే బల్ల, దానికి ఇదే కుంటి కాలు,
అట్టముక్క మడిచి కింద పెట్టేదీ నేనే.
పడిన బంతికి గీత, పడనిదానికి సున్న,
ఫౌలుకు ఇంటూ గుర్తు.
నా రాతలో ఎవరూ రొప్పరు.

ఒక పక్క కడప. ఒక పక్క ఆదోని.
ఆదోని పిల్లలు గుంతకల్లులో బండి మారి
నిలబడే వచ్చినారు.
తొమ్మిదిమందికి ఆరు జతల బూట్లు.
మనిషిని మార్చాలంటే లేసులు కూడా విప్పాల.
రిఫరీ పెన్నోబులేసు అంతసేపూ
నడుం మీద చేతులు పెట్టుకుని
రింగుకు లేని వలలోంచి ఆకాశం చూస్తాడు.

కడప నలభై ఏడు. ఆదోని నలభై ఆరు.
ఇంక పదకొండు సెకన్లు.
మాబున్ని దూరిపాయె ఇద్దరి మధ్యలోంచి,
చౌడేశ్వరి మోచెయ్యి తగిలె,
విజిల్.
రెండు ఫ్రీ త్రోలు.

గీత దగ్గర నిలబడి
బంతిని నేలకు కొట్టె ఒకసారి, రెండుసార్లు,
మూడు.
నాలుగోది చప్పుడే వినబడె.
కరెంటు పాయె.

ఈలలు. అరుపులు. ఎవరో కుక్కలా కూసినారు.
మగపిల్లలు బైకులు తెచ్చి వరసగా నిలబెట్టి
హెడ్‌లైట్లు వేసినారు, రింగు నీడ
గోడ మీద బండిచక్రమంత అయ్యె.
"బండి లైట్లలో ఆట చెల్లదు" అన్నాడు పెన్నోబులేసు.
ట్రాన్స్‌ఫార్మర్ కాలిందని లైన్‌మన్ కబురు.
నేను పుస్తకం ఒళ్ళో పెట్టుకుని
దోమల్ని తోలుకుంటా కూచున్నా.

"కూచో పో పాపా, ఎప్పుడొస్తాదో ఏమో."
"వద్దు సార్. గీత దిగితే చెయ్యి మర్సిపోతాది."
ముక్కాలు గంట అట్లనే నిలబడె, బంతి పొట్టకు ఆనించుకొని.

చివరికి పి.డి. తిప్పేస్వామి చెప్పేసినాడు:
రేపు పొద్దున ఆరుకు.
"పదకొండు సెకన్లకు ఒక రాత్రా సార్?"
కడప కోచు బస్సు టికెట్లు చూపించినాడు,
ఆరిన లైట్లకే చూపించినట్టు చూపించినాడు.
మాబున్ని నా బల్ల మీది సుద్దముక్క తీసుకొని
వంగి, తన రెండు పాదాల చుట్టూ గీసుకొని,
అప్పుడు బంతి ఇచ్చేసి పోయె.

పొద్దున.
ప్రేక్షకులు: ఒక కాకి, ఇద్దరు పాలవాళ్ళు,
అటెండరు కుళ్ళాయప్ప.
కోర్టంతా ఊడ్చినాడు ఆయన,
సుద్ద పాదాల కాడికొచ్చి
చీపురు పక్కకు తిప్పి, చుట్టూ ఊడ్చినాడు.
ఎవరూ చెప్పలేదు ఆయనకు.

సిమెంటు చల్లగా ఉండె. అదొక్కటే ఆ పాదాలకు కొత్త.
మాబున్ని వాటిల్లో కాళ్ళు పెట్టె,
బూట్లతో చూస్తే కొంచెం బయటికొచ్చె:
రాత్రివి ఎవరివో, ఇప్పటివి ఎవరివో.
మూడుసార్లు కొట్టె. నాలుగోసారి కూడా కొట్టి, ఎగరేసె.
పడె. సమానం.
రెండోది రింగు మీద తిరిగె, తిరిగె,
కాకి లేచిపాయె,
బయటికి పడె.

తక్కినది చెప్పేలోపలే అయిపాయె.
చౌడేశ్వరి అందుకొని ఆ చివరిదాకా ఉరికి,
ఎవరికో ఇచ్చి, తిరిగి తీసుకొని, వేసె.
నలభై తొమ్మిది. నలభై ఏడు.
గెలిచినోళ్ళు అరవాలనుకుంటే
గొంతులు ఇంకా నిద్ర లేవలేదు.

పావుగంటకు అందరూ గేటు బయట
ఒకే బండి కాడ ఉగ్గాని, బజ్జి తింటాండారు.
"మోచెయ్యి గట్టిగా తగిల్నా?" అని చౌడేశ్వరి,
"ఇంగోటి తిను" అని మాబున్ని, మిరపకాయ బజ్జి తోసె.
బూట్లు అన్నీ ఒకే సంచిలో, లేసులు చిక్కుపడి.

నెల తర్వాత యూనివర్సిటీ నుంచి పుస్తకం వాపసు వచ్చె.
చివరి పేజీలో సగందాకా నీలిసిరా,
ఆ తర్వాత నల్లసిరా.
నా నీలి పెన్ను ఆ చీకట్లో యాడనో పడిపాయె.
పక్కన ఎర్రపెన్సిల్‌తో ఎవరో రాసినారు:
'ఇక్కడ సిరా ఎందుకు మారింది? వివరణ ఇవ్వండి.'

చాలాసేపు ఆలోచన చేసి
దాని కింద రాస్తిని:
మధ్యలో రాత్రి.